కునాల యుద్ధం, వేంగి ప్రణయం: ‘అంశుమతి’ నవల నేటి పాఠకుడి చేతిలో

క్రీ.శ. 7వ శతాబ్ది తొలి పాదంలో బాదామి చాళుక్య చక్రవర్తి రెండవ పులకేశి సేనలు తూర్పు తీరానికి వచ్చి, పిష్ఠపురాన్ని, అంటే నేటి పిఠాపురాన్ని సాధించి, ఆ తరువాత కునాలమనే జలాశయం దగ్గర జరిగిన యుద్ధంలో గెలిచి, కృష్ణా గోదావరుల నడుమ ఉన్న వేంగి దేశాన్ని వశపరచుకొన్నాయి. ఈ దండయాత్రకు ప్రధానాధారం కర్ణాటకలోని ఐహోళెలో మేగుటి జినాలయం గోడమీద శక సంవత్సరం 556లో, అంటే క్రీ.శ. 634-35లో, రవికీర్తి అనే జైన కవి చెక్కించిన ప్రశస్తి. ప్రశస్తి అంటే రాజు విజయాలను వరుసగా కీర్తించే కావ్యశాసనం. అందులో అతిశయోక్తి సహజం, ఓడినవారి పక్షం వినిపించకపోవడం అంతకన్నా సహజం. తనను కాళిదాస భారవులతో పోల్చుకొన్న ఈ కవి కునాల యుద్ధానికి కేటాయించింది ఒక్క పద్యమే. బారులు తీరిన ఏనుగులతో ఆ నీరు నిండిపోయిందనీ, ఆయుధాలకు బలైన మనుషుల నెత్తురుతో ఎర్రబడిందనీ దాని భావం. ఆ నెత్తురు ఎవరిదో, అవతలి సేనను నడిపిన రాజు పేరేమిటో పద్యం చెప్పదు.

ఆ కునాలమే కొల్లేరని జర్మన్ సంస్కృత పండితుడు కీల్‌హార్న్ ఐహోళె శాసనాన్ని పరిష్కరిస్తూ నిర్ణయించాడు. తరువాతి చరిత్రకారుల్లో ఎక్కువమంది దాన్ని అంగీకరించారు. పద్యంలో పేరు లేని ఆ ఓడిన పక్షాన్ని శాసనపాఠాల సాయంతో చరిత్రకారులు ఒక విధంగా పూరించడానికి ప్రయత్నిస్తే, అడవి బాపిరాజు తన ‘అంశుమతి’ నవలలో మరొక విధంగా పూరించాడు. చాళుక్య విజేతల పక్షాన పులకేశి తమ్ముడు కుబ్జ విష్ణువర్ధనుడు, పాత పాలకుల పక్షాన అంశుమతి అనే విష్ణుకుండిన రాకుమారి, ఆ ఇద్దరి మధ్య ప్రణయం: ఇదీ ఆయన చేసిన పూరణ. ఆ ప్రణయం చదవడానికి ఎంత మధురంగా ఉన్నా, 7వ శతాబ్దికంటే 20వ శతాబ్దికే అది ఎక్కువ అవసరమైందని ఇప్పుడు ఆ నవలను శాసనాల పక్కన పెట్టి చదివితే తెలుస్తుంది.

నవలకు రంగస్థలమైన నేల సంగతి ముందు చూడాలి. వేంగి రాజధానిగా పండితులు గుర్తించిన పెదవేగి ఏలూరుకు ఉత్తరాన సుమారు 12 కిలోమీటర్ల దూరంలో ఉంది. 4వ, 5వ శతాబ్దుల్లో ఇక్కడినుంచి ఏలిన శాలంకాయనులు చిత్రరథస్వామి భక్తులు. చిత్రరథుడంటే సూర్యుడని సాధారణంగా అర్థం చెబుతారు. వారిలో హస్తివర్మ అనే రాజు గుప్త చక్రవర్తి సముద్రగుప్తుడి దక్షిణ దండయాత్రలో ఓడినవారి జాబితాలో అలహాబాదు స్తంభం మీదికెక్కాడు. కాబట్టి కునాల యుద్ధానికి సుమారు రెండున్నర శతాబ్దాల ముందే ఈ ఊరికి దూరదేశపు సేనల రాక తెలుసు. బాపిరాజు కుంచెకు పేరు తెచ్చిన చిత్రాల్లో ‘సముద్రగుప్తుడు’ ఒకటన్నది ఇక్కడ గుర్తు చేయదగిన సంగతి: వేంగిని గెలిచిన ఇద్దరు పరదేశీయుల్లో ఒకరిని ఆయన రంగుల్లోను, మరొకరిని అక్షరాల్లోను నిలిపాడు, ఇద్దరినీ ఆరాధనాభావంతోనే.

శాలంకాయనుల తరువాత వచ్చిన విష్ణుకుండినుల కాలానికి ప్రాధాన్యం ఏలూరు నుంచి తాడేపల్లిగూడెం వెళ్లే దారిలోని దెందులూరుకు మారినట్టు కనిపిస్తుంది. విక్రమేంద్రవర్మ చిక్కుళ్ల తామ్రశాసనం లెందులూరు నుంచి వెలువడింది. లెందులూరే దెందులూరని పండితుల నిర్ణయం. తామ్రశాసనమంటే రాజు భూమినో గ్రామాన్నో దానం చేస్తూ రాగిరేకుల మీద చెక్కించి, కడియానికి గుచ్చి, ముద్ర వేసి ఇచ్చే హక్కుపత్రం. వేంగి చరిత్రలో దాదాపు సర్వస్వం ఇలాంటి రేకులనుంచే తెలిసింది. దానం పుచ్చుకొన్న వాడి గోత్రం, ఊరి పొలిమేరలు అందులో తప్పక ఉంటాయి గాని, దానమిచ్చిన రాజు ఎవరిని ప్రేమించాడన్నది ఉండదు.

దక్షిణాన కొల్లేరు. కృష్ణా గోదావరీ డెల్టాల మధ్య పల్లంలో ఏర్పడిన ఈ మంచినీటి సరస్సులోకి బుడమేరు, తమ్మిలేరు, రామిలేరు వంటి ఏరులు వచ్చి కలుస్తాయి. మిగులు నీరు ఉప్పుటేరు ద్వారా బంగాళాఖాతంలో పడుతుంది. లోతు చాలా తక్కువ, వానాకాలంలో మైళ్ల కొద్దీ పరచుకొని ఎండాకాలంలో ముడుచుకుపోయే స్వభావం, మధ్యలో లంకలు, అంటే నీటి నడుమ మెరకగా తేలిన ఊళ్లు. ఇలాంటి చోట ఏనుగులు బారులు తీరి నీటిలో దిగడమన్నది ఊరికే కవిసమయం కానక్కరలేదు. లోతైన చెరువులో జరగని యుద్ధం వేసవి కొల్లేటిలో జరగగలదు. ఏనుగు నడవగల నీటిలో కాలిబంటు చిక్కుకుపోతాడు. రవికీర్తి సరస్సును కళ్లారా చూసి ఉండకపోవచ్చు, చూసినవారి మాట మాత్రం విన్నాడనిపిస్తుంది.

ఈ విజయం తరువాత పులకేశి వేంగిని తమ్ముడికి అప్పగించాడు. కుబ్జ విష్ణువర్ధనుడు అంతకుముందే సాతారా శాసనంలో యువరాజుగా కనిపిస్తాడు. కుబ్జ అనేది మరుగుజ్జునో గూనివాడినో సూచించే విశేషణం, విషమసిద్ధి అనేది ఆయన బిరుదు. క్రీ.శ. 632 నాటి చీపురుపల్లి శాసనం వెలువడేనాటికి ఆయన అధికారం విశాఖ ప్రాంతం దాకా పాకింది. అన్నకు లోబడిన రాజప్రతినిధిగా మొదలైన పాలన క్రమంగా స్వతంత్ర వంశమై, తూర్పు చాళుక్యులన్న పేరుతో 11వ శతాబ్ది దాకా నిలిచింది. నన్నయ ఆశ్రయించిన రాజరాజ నరేంద్రుడు ఆ వంశంవాడే. నవల చదివేటప్పుడు ఈ కొనసాగింపు తెలిసి ఉండడం అవసరం, ఎందుకంటే నవలాకారుడికి అది తెలుసు. పరాయివాడిగా వచ్చిన చాళుక్యుడి సంతతి కొలువులోనే తెలుగు ఆదికావ్యం పుట్టబోతున్నదన్న ఎరుకతోనే బాపిరాజు ఆ తొలి చాళుక్యుడిని నాయకుడిగా ఎంచుకొన్నాడని భావించవచ్చు.

1895లో భీమవరంలో పుట్టిన బాపిరాజుకు కొల్లేటి పరిసరాలు ఇరుగుపొరుగే. బందరు ఆంధ్ర జాతీయ కళాశాలలో ప్రమోదకుమార చటోపాధ్యాయ దగ్గర చిత్రకళ నేర్చి, సహాయ నిరాకరణోద్యమంలో జైలుకు వెళ్లి, న్యాయవాది, ఆ తరువాత అదే బందరు కళాశాలకు అధ్యక్షుడు, సినిమాలకు కళాదర్శకుడు, హైదరాబాదులో ‘మీజాన్’ పత్రికకు సంపాదకుడు అయిన ఈ బహుముఖుడి ‘నారాయణరావు’ నవల 1934లో ఆంధ్ర విశ్వకళాపరిషత్తు బహుమతిని విశ్వనాథ ‘వేయిపడగలు’తో పంచుకొన్నది. శాతవాహనుల కాలానికి ‘హిమబిందు’, కాకతీయుల కాలానికి ‘గోన గన్నారెడ్డి’, వేంగికి ‘అంశుమతి’: ఇలా ఆంధ్రదేశ చరిత్రలోని ఘట్టాలకు ఒక్కొక్క ప్రేమకథను కూర్చే పని ఆయన తలపెట్టినట్టు కనిపిస్తుంది.

ఆ పని ఆయన ఒక్కడి సరదా కాదు. 1906లో ఏర్పడిన విజ్ఞాన చంద్రికా మండలి చరిత్ర గ్రంథాలతో పాటు చారిత్రక నవలలనూ ప్రోత్సహించింది. చిలుకూరి వీరభద్రరావు ‘ఆంధ్రుల చరిత్రము’ మొదటి భాగం 1910లో వచ్చింది. 1913లో బాపట్లలో తొలి ఆంధ్ర మహాసభ జరిగి, మద్రాసు రాజధానిలోని తెలుగు జిల్లాలకు ప్రత్యేక రాష్ట్రం కావాలన్న కోరిక బహిరంగ చర్చలోకి వచ్చింది. బంకించంద్రుని నవలల ఒరవడి, స్కాట్ ఒరవడి అప్పటికే తెలుగు రచయితలకు పరిచితాలు. ఈ వాతావరణంలో చారిత్రక నవల చేయవలసిన పని ఒకటుండేది: ఆంధ్రదేశాన్ని ఏలిన వంశాలన్నిటినీ, అవి ఎక్కడివైనా, ఒకే కుటుంబ కథలోకి తేవడం. శాతవాహనుల మూలం పడమటిదా కాదా అన్న వాదం ఉంది, చాళుక్యులు నిస్సందేహంగా కన్నడ దేశంనుంచి వచ్చినవారు. వారిని మనవారు చేసుకోవడానికి నవలాకారుడికి దొరికిన సులభమైన సాధనం పెళ్లి. అల్లుడు పరాయివాడు కాడు.

‘అంశుమతి’లోని ప్రణయాన్ని ఈ కోణంలో చూస్తే, రాకుమారి హృదయం ఆమె ఒక్కదానిదే కాదనిపిస్తుంది. ఆమె ప్రేమించడమంటే వేంగి దేశమే విజేతను అంగీకరించడం. ఓడిన రాజ్యానికి ఆడపిల్లను ప్రతీకగా నిలిపి, ఆమె అంగీకారాన్ని దేశం అంగీకారంగా మార్చే ఈ పద్ధతి ప్రపంచ సాహిత్యంలో కొత్తది కాదు. రోము పుట్టుక గాథల్లో సబైను స్త్రీల కథ అలాంటిదే. అక్కడ అపహరణ ముందు, అంగీకారం తరువాత. బాపిరాజు సౌమ్యుడు గనుక ఆయన కథలో ప్రేమకే అగ్రస్థానం, యుద్ధం దాని చుట్టూ తిరుగుతుంది. ఆ సౌమ్యతే నేటి పాఠకుడిని కొంత ఇబ్బంది పెట్టాలి: కునాలం నీటిని ఎరుపెక్కించిన నెత్తురు ఎవరిదో ఆ ప్రేమకథ అడగనివ్వదు.

ఇందులో నవలాకారుడి తప్పు పట్టడానికి లేని అంశం ఒకటుంది. బాపిరాజు 1952 సెప్టెంబరులో మరణించాడు. విష్ణుకుండినుల వంశక్రమాన్ని తిరగరాసిన ఇంద్రపాలనగర తామ్రశాసనాలు 1960లలో గాని వెలుగులోకి రాలేదు. ఆయన రాస్తున్న రోజుల్లో విష్ణుకుండిన చివరి రాజులు ఎవరు, వారికీ పిష్ఠపురం పాలకులకూ సంబంధమేమిటి, పులకేశి వచ్చేనాటికి వేంగి గద్దెమీద ఉన్నదెవరు అన్న ప్రశ్నలకు పండితుల మధ్యనే ఏకాభిప్రాయం లేదు; ఇప్పటికీ పూర్తిగా కుదరలేదు. చరిత్ర ఖాళీగా వదిలిన చోట కల్పన చేసుకొనే స్వేచ్ఛ నవలకు ఉంది. అయితే చరిత్ర ఖాళీగా వదలని చోటు ఒకటుంది, ఆలోచించవలసింది దాన్నే.

కుబ్జ విష్ణువర్ధనుడి పట్టపురాణి పేరు శాసనాలకు తెలుసు. ఆమె అయ్యణ మహాదేవి. బెజవాడలో నడుంబి వసది అనే జైన ఆలయానికి ఆమె చేసిన దానం ముసినికొండ తామ్రశాసనంలో నమోదైంది. వసది, లేదా బసది, అంటే జైన దేవాలయమూ మునుల నివాసమూ కలిసిన సంస్థ. దానం పొందినవాడు కలిభద్రుడనే జైనాచార్యుడు. రాజు స్వయంగా వైష్ణవుడు. ఆయన వంశపు శాసనాలు వరాహ లాంఛనంతో వెలువడ్డాయి. రాణి జైన మతాన్ని ఆదరించింది. గెలుచుకొన్న దేశంలో కొత్త రాజవంశం వేళ్లూనుకొన్న తీరు ఈ రెండు సంగతుల్లో ఉంది: రాజు బ్రాహ్మణులకు అగ్రహారాలిస్తాడు, రాణి జినాలయాలకు భూములిస్తుంది, పన్నులు లేని ఆ భూముల చుట్టూ కొత్త పాలనకు విధేయులైనవారు స్థిరపడతారు. అంశుమతి చేసిందని నవల చెప్పే పనిని, అంటే పరాయి పాలనను స్థానికం చేసే పనిని, అయ్యణ మహాదేవి రాగిరేకుల ద్వారా చేసింది. అందులో ప్రణయం పాలెంతో లెక్కకట్టలేము గాని, పొలాల పాలు మాత్రం స్పష్టం.

బలప్రయోగం సంగతి కూడా శాసనాలు దాచలేదు. సుమారు మూడు శతాబ్దాల తరువాత మొదటి అమ్మరాజు వేయించిన ఏదేరు శాసనం, పట్టవర్ధని వంశానికి మూలపురుషుడైన కాలకంపుడు కుబ్జ విష్ణువర్ధనుడి అనుమతితో దద్దరుడనే వాడిని యుద్ధంలో చంపి అతని రాజచిహ్నాలను తీసుకొన్నాడని గొప్పగా చెప్పుకొంటుంది. దద్దరుడెవరో ఆ ఒక్క ప్రస్తావనతో ఆగిపోయే పేరు. బహుశా చాళుక్యులను ఎదిరించిన స్థానిక నాయకుడు. మూడు వందల ఏళ్ల తరువాత కూడా ఒక సామంత కుటుంబం తన హోదాకు ఆధారంగా ఆ హత్యను చూపించుకొన్నదంటే, వేంగి చాళుక్యుల తొలినాళ్ల జ్ఞాపకం కొలువులో కత్తి రూపంలోనే నిలిచిందన్నమాట.

అదే పట్టవర్ధని వంశంలోనుంచి మరో స్త్రీ శాసనానికెక్కింది. 10వ శతాబ్దిలో రెండవ అమ్మరాజు కాలపు కలుచుంబర్రు శాసనం అత్తిలినాండు విషయంలోని, అంటే నేటి తణుకు దగ్గరి అత్తిలి చుట్టుపట్ల ఉన్న పాలనా విభాగంలోని, గ్రామాన్ని సర్వలోకాశ్రయ జినభవనపు భోజనశాల మరమ్మతుల కోసం అర్హనంది అనే జైనాచార్యుడికి ఇచ్చినట్టు చెబుతుంది. ఆ దానం చేయించింది చామెకాంబ అనే గణిక. ఆమె అర్హనందికి శిష్యురాలు, రాజుకు ఆప్తురాలై ఉంటుందని శాసనాన్ని పరిష్కరించిన ఫ్లీట్ ఊహించాడు. రాజు మీద ఒక స్త్రీకి ఉన్న పలుకుబడి ఒక ఊరి ఆదాయంగా మారి, అన్నశాల పైకప్పు బాగుపడడం దీని సారాంశం. బాపిరాజు కలానికి ఇంతకన్నా మంచి కథ దొరికేదా అని అడగాలనిపిస్తుంది. కాని చామెకాంబ రాకుమారి కాదు, జాతి గౌరవ నవలకు గణిక నాయిక కావడం ఆనాటి పాఠకులకు మింగుడుపడేది కాదు.

వేంగి రాజకుటుంబాలకు వివాహ రాజకీయం తెలియదని దీని అర్థం కాదు. విష్ణుకుండిన విక్రమేంద్రవర్మను తండ్రి వంశానికీ తల్లి తరఫు వాకాటక వంశానికీ అలంకారమైనవాడిగా చిక్కుళ్ల శాసనం పొగుడుతుంది. తూర్పు చాళుక్య విమలాదిత్యుడు చోళ రాజరాజు కూతురు కుందవ్వను, ఆయన కొడుకు రాజరాజ నరేంద్రుడు రాజేంద్ర చోళుడి కూతురు అమ్మంగదేవిని పెళ్లాడారు. ఆ సంబంధాల ఫలితంగానే నరేంద్రుడి కొడుకు 1070లో కులోత్తుంగ చోళుడై చోళ సింహాసనమెక్కాడు. ఈ వివాహాలను శాసనాలు దాచలేదు, చాటాయి, ఎందుకంటే వాటివల్ల కలిగే హక్కు చాటుకోదగినది. పాత పాలకుల కూతురిని కుబ్జ విష్ణువర్ధనుడు పెళ్లాడి ఉంటే ఆ బంధుత్వం అతని వారసుల శాసనాల్లో మొదటి వరుసలోకి వచ్చి ఉండేది. తూర్పు చాళుక్యుల తరువాతి శాసనాలు ప్రతి రాజు ఎన్నేళ్లు ఏలాడో లెక్కలతో సహా చెబుతూ వచ్చాయి గాని, అలాంటి సంబంధాన్ని ఎక్కడా చెప్పుకోలేదు. ఈ మౌనం బలమైన సాక్ష్యమే.

శాసనాలకు అందని జ్ఞాపకం కొల్లేటి లంకల్లో ఉంది. సరస్సు నడుమనున్న కొల్లేటికోటలో ఒకప్పుడు ఒడ్డె గజపతుల దుర్గం ఉండేదనీ, ముట్టడించిన శత్రుసైన్యం ఒడ్డున చిగురుకోట దగ్గర విడిసి, సరస్సు నీటిని సముద్రంలోకి తోడివేసి కోటకు దారి చేసుకోవడానికి ఉప్పుటేరును తవ్వించిందనీ, ఈ ప్రయత్నం ఫలించడానికి ఆ సేనాని తన కూతురినే బలి ఇచ్చాడనీ ఒక కథ 19వ శతాబ్దపు జిల్లా గ్రంథాల దాకా వచ్చింది. బలి ఇచ్చింది కోటను కాపాడే నాయకుడేనని మరో పాఠం. ఉప్పుటేటికి పేరంటాల కనుమ అన్న పేరు అందువల్లే వచ్చిందంటారు. పేరంటాలంటే కుటుంబం కోసమో ఊరికోసమో ప్రాణం విడిచి పూజలందుకొనే ముత్తైదువ. ఉప్పుటేరు ప్రకృతి సిద్ధమైన పాయే కావచ్చు, గజపతుల కాలానికీ పులకేశి కాలానికీ మధ్య ఎనిమిది శతాబ్దాలకు పైగా ఎడం ఉంది, కథను చరిత్రగా తీసుకోలేము. అయినా సరస్సు ప్రజలు తమ యుద్ధకథలో ఆడపిల్లకు ఇచ్చిన స్థానం గమనించదగినది. బాపిరాజు నాయికకు యుద్ధం ప్రియుణ్ణి తెచ్చింది. లంకల కథలోని అమ్మాయి, యుద్ధం చేస్తున్న పెద్దల చేతిలో చచ్చిపోయింది. ఆమె అంగీకారం ఎవరూ అడగలేదు.

నవలాకారుడి కాలంలో యుద్ధం ఆ తీరానికి మళ్లీ వచ్చిందన్న సంగతిని ఇక్కడ చేర్చాలి. 1942 ఏప్రిల్ 6న జపాను విమానాలు విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేశాయి. రెండో ప్రపంచ యుద్ధ కాలంలోనే తాడేపల్లిగూడెంలో బ్రిటిషు ప్రభుత్వం విమానాల దారి వేసింది, దాని కాంక్రీటు ఆనవాళ్లు స్వాతంత్ర్యం వచ్చాక కూడా చాలాకాలం నిలిచాయి. బాపిరాజు ఆ యుద్ధ వాతావరణాన్నీ వదల్లేదు. ‘కోనంగి’లో ఆనాటి మద్రాసును, నిరుద్యోగాన్ని, రాజకీయాలను పట్టుకొన్నాడు. ఆ నవలలోనూ ప్రేమ ఉంది, కాని అది ఏ రాజ్యానికీ ప్రతీక కాదు, ఇద్దరు మనుషుల వ్యవహారమే. సమకాలిక జీవితం రాసేటప్పుడు పట్టించుకొన్న ఈ సంగతిని చారిత్రక నవలలో ఆయన విస్మరించాడనడం కన్నా, ఆ రెండు ప్రక్రియల నుంచి పాఠకులు కోరుకొన్నవి వేరు వేరనడం న్యాయం. ‘గోన గన్నారెడ్డి’లో అన్నాంబిక కత్తి పట్టి పురుషవేషంలో సాహసాలు చేస్తుంది, అంటే ఆయన చారిత్రక నాయికలందరూ ఒకే అచ్చు కాదు.

నేడు ‘అంశుమతి’ చేతబట్టే పాఠకుడికి, 639 ప్రాంతంలో ఆంధ్రదేశం మీదుగా వెళ్లిన చీనా బౌద్ధ యాత్రికుడు హ్యూయెన్‌త్సాంగ్ రాతలు పక్కన ఉంటే మేలు. పింగ్-కి-లో అని ఆయన పిలిచిన రాజధానిని వేంగిగా గుర్తించారు. ఇరవైకి పైగా సంఘారామాలు, అందులో మూడు వేల దాకా భిక్షువులు, సారవంతమైన నేల, ఉష్ణ వాతావరణం, మధ్యదేశపు భాషకు భిన్నమైన మాట: కునాల యుద్ధం ముగిసిన సుమారు రెండు దశాబ్దాలకు ఈ దేశంలో ఆయన గమనించినవి ఇవి. జయించిన చాళుక్యుడు వైష్ణవుడు, రాణి జైన ధర్మానికి దాత, విహారాలు బౌద్ధులతో నిండి ఉన్నాయి. ఆ తరువాత రెండేళ్లకు గద్దెనెక్కిన మొదటి జయసింహుడు విప్పర్ల శాసనాన్ని తెలుగులో వేయించాడు. తూర్పు చాళుక్యుల తెలుగు శాసనాల్లో అదే మొదటిదిగా చెబుతారు. కన్నడ దేశపు వంశం ఒక తరం తిరిగేసరికి తెలుగులో మాట్లాడడానికి కారణం ప్రణయమే అయి ఉండనక్కరలేదు: పన్ను కట్టేవారి భాష తెలుగు.

పెదవేగిలో ధనందిబ్బ అనే మట్టిగుట్టమీద 1980లలో భారత పురావస్తు శాఖ తవ్వకాలు జరిపి, ఇటుక కట్టడాల అవశేషాలను బయటపెట్టింది. కొల్లేరులోని 308 చదరపు కిలోమీటర్లను 1999లో అభయారణ్యంగా ప్రకటించారు, 2002లో సరస్సు రామ్‌సర్ చిత్తడి నేలల జాబితాలో చేరింది, 2006లో సరస్సులో అక్రమంగా వేసిన చేపల చెరువుల గట్లను ప్రభుత్వం పేల్చి తొలగించింది. 2022లో కైకలూరు, కొల్లేటికోట కొత్త ఏలూరు జిల్లాలోకి వచ్చాయి. అయ్యణ మహాదేవి దానం సంగతికొస్తే, ఆమె మునిమనవల తరం కూడా దాటిన తరువాత, 8వ శతాబ్దిలో మూడవ విష్ణువర్ధనుడు దాన్ని పునరుద్ధరిస్తూ కొత్త రేకులు వేయించాడు. ఆమె పేరు మనదాకా వచ్చింది ఆ రేకుల వల్లనే.